ఫ్రెడ్డీ వంటింట్లో దీపం పెట్టినవాళ్లు

ఫ్రెడ్డీ వంటింట్లో లైటు వేసేశారు. ప్రపంచంలో ఇంతకంటే పెద్ద సమస్యలు లేవా అని అడిగేవాళ్లుంటారు. ఉన్నాయి. వాటి మీద రాయడానికి బోలెడంత మంది ఉన్నారు కూడా. ఈ లైటు సంగతి పట్టించుకునే నాథుడే లేడు. కాబట్టి ఆ భారం ఈ కాలమ్ నెత్తిన పడింది.

తెలియనివాళ్ల కోసం కాస్త పూర్వకథ. స్కాట్ కాథన్ అనే అమెరికన్ ఒంటిచేత్తో తయారుచేసి 2014 ఆగస్టులో విడుదల చేసిన హారర్ గేమ్ 'ఫైవ్ నైట్స్ ఎట్ ఫ్రెడ్డీస్'. అంతకుముందు అతను చేసిన ఒక గేములో పాత్రలు కీ ఇచ్చిన మరబొమ్మల్లా ఉన్నాయనీ, చూస్తే దడుపు పుడుతోందనీ విమర్శలొచ్చాయి. మామూలు మనిషైతే బొమ్మల మొహాలు మార్చుకునేవాడు. కాథన్ మొహాల జోలికి పోలేదు. దడుపు పుడుతోందంటున్నారుగా, అదే అమ్ముదాం అన్నట్టు మరబొమ్మలతోనే హారర్ గేమ్ చేశాడు.

పిల్లల పార్టీలు జరిగే ఒక పిజ్జా రెస్టారెంటు. పగలంతా వేదిక మీద పాటలు పాడే నిలువెత్తు యంత్రాలు: ఫ్రెడ్డీ అనే ఎలుగుబంటి, బానీ అనే కుందేలు, చీకా అనే కోడి. పక్కగదిలో తెర చాటున, మరమ్మతుకు నోచుకోని ఫాక్సీ అనే నక్క. రాత్రయితే ఇవన్నీ వాటంతటవే తిరుగుతాయి. మీరు నైట్ వాచ్‌మన్. అర్ధరాత్రి 12 నుంచి ఉదయం 6 దాకా ఆఫీసు గదిలో కుర్చీకి అతుక్కుపోయి కెమెరాలు చూస్తుండాలి. ఎవరైనా గుమ్మం దాకా వస్తే తలుపు వేసుకోవాలి. తలుపు మూసి ఉంచినా, లైటు వేసినా, కెమెరా చూసినా కరెంటు ఖర్చు. కరెంటు అయిపోయిందా, చీకట్లో ఫ్రెడ్డీ మొహం వెలుగుతూ ఆరుతూ కనిపిస్తుంది, వెనక 'కార్మెన్' ఆపెరాలోని కవాతు బాణీ ఆటబొమ్మ పెట్టెలోంచి వచ్చినట్టు వినిపిస్తుంది. ఆ తర్వాత జరిగేదాని కోసం కుర్చీలో కాస్త వెనక్కి జరిగి కూర్చోవడం మంచిది.

ఇంతటి ఉద్యోగానికి జీతం వారానికి 120 డాలర్లు. అయిదు రాత్రులు, రాత్రికి 6 గంటలు. అంటే గంటకు 4 డాలర్లు. ఆట విడుదలైన నాటికి అమెరికా సమాఖ్య కనీస వేతనం గంటకు 7.25 డాలర్లు. ఆరో రాత్రి కూడా వచ్చి చేస్తే ఓవర్‌టైమ్ కింద మరో 50 సెంట్లు కలిపి చెక్కు ఇస్తారు. హారర్ గేముల చరిత్రలో ఇంత నమ్మదగ్గ భయానక దృశ్యం ఇంకోటి లేదు.

ఇక వంటిల్లు. రెస్టారెంటులో మొత్తం 11 కెమెరాలు. అందులో ఆరో నంబరుది వంటిల్లు. దాని బొమ్మ రాదు, చప్పుడొక్కటే వస్తుంది. నల్లటి తెర మీద చూస్తూ కూర్చుంటే లోపల గిన్నెలు కదిలిన శబ్దం వినిపిస్తుంది. ఎవరు కదిపారు, ఏం వెతుకుతున్నారు, అంత రాత్రివేళ పొయ్యి దగ్గర వాళ్లకేం పని అన్నది అసలు గేమ్ ఆడినంతసేపూ కంటపడదు. కాథన్ ఆ వంటింటికి ఒక్క బొమ్మ కూడా గీయలేదు. ఆటలో అన్నిటికంటే చౌకగా తయారైన గది అదే, ఆటగాళ్ల నిద్ర ఎక్కువగా పాడుచేసిన గదుల్లో అదొకటి.

అభిమానులకు ఆట నచ్చింది. నచ్చినవాళ్లు మళ్లీ ఆడుకోవాలి, మహా అయితే ఎలుగుబంటి బొమ్మ ఉన్న టీషర్టు కొనుక్కోవాలి. వీళ్లు అక్కడితో ఆగలేదు. మైన్‌క్రాఫ్ట్, గ్యారీస్ మోడ్, రోబ్లాక్స్ లాంటి శాండ్‌బాక్స్ గేముల్లో, అంటే ఇది చెయ్యి అది చెయ్యి అనకుండా మీ ఇష్టమొచ్చింది కట్టుకోండని వదిలేసే గేముల్లో, ఆ రెస్టారెంటును పునాదుల నుంచి మళ్లీ కట్టారు. కట్టేటప్పుడు వంటింటి దగ్గరికి వచ్చి ఒక్క క్షణమైనా ఆగి ఉంటే బాగుండేది. ఆగలేదు. నాలుగు గోడలు లేపారు. సింకు పెట్టారు. పొయ్యి పెట్టి, దాని పైన పొగ పోవడానికి గొట్టం కూడా పెట్టారు. గిన్నెలు పెద్దవి ఒక పక్క, చిన్నవి ఒక పక్క వేలాడదీశారు. పైన ట్యూబులైటు వేశారు. అలాంటి వంటింట్లోకి అడుగుపెడితే ఇక్కడెవరో నన్ను చంపడానికి పొంచి ఉన్నారన్న అనుమానం చస్తే రాదు. ఎవరో గుట్టుగా, పొందిగ్గా కాపురం చేసుకుంటున్నారన్న గౌరవం కలుగుతుంది.

వంటిల్లు ఒక్కటే కాదు. నిజానికి ఆ రెస్టారెంటే లేదు. కాథన్ గేమ్ చేసింది క్లిక్‌టీమ్ ఫ్యూజన్ అనే, పెద్దగా కోడ్ రాయక్కర్లేని సాధనంలో. మనం కెమెరాల్లో చూసేవన్నీ ముందే తయారుచేసి పెట్టుకున్న బొమ్మలు. నడవడానికి నేల లేదు, తట్టడానికి గోడ లేదు. బానీ ఒక బొమ్మలో వేదిక మీద ఉంటాడు, ఇంకో బొమ్మలో ఉండడు, మూడో బొమ్మలో మీ గది పక్కనే ఉంటాడు. మధ్యలో అతను నడిచిందంతా మీ బుర్రలోనే. కెమెరా ముందు పరుగెత్తుతూ కనిపించేది ఫాక్సీ ఒక్కడే. మిగతావాళ్ల కదలికలకు ఒక పాచికల లెక్క ఉంది: కొన్ని సెకన్లకోసారి గేమ్ 1 నుంచి 20 లోపు ఒక అంకె వేస్తుంది, ఆ రాత్రి ఆ యంత్రానికి ఇచ్చిన స్థాయిని అది మించకపోతే బొమ్మ మారుతుంది. ఇంతే సరుకు. కొన్ని బొమ్మలు, ఓ పాచిక, రెండు తలుపులు, చాలీచాలని కరెంటు. దీనికే లక్షలాదిమంది కుర్చీల్లోంచి ఎగిరిపడ్డారు.

కాబట్టి విజ్ఞులు గమనించాల్సిందేమంటే, ఈ ఆటకు పెట్టుబడి లేమి. కదలడానికి లేదు, చూడ్డానికి లేదు, కరెంటు లేదు, జీతం లేదు, చెప్పుకోడానికి పక్కన మనిషి లేడు. భయమంతా ఆ లేనివాటి మీద వచ్చిన వడ్డీ. అభిమానులు చేసిందల్లా, ఎవరూ అడక్కుండానే ముందుకొచ్చి, లేనివాటినన్నిటినీ సమకూర్చిపెట్టడం. ఇంత ప్రేమగా ఒక భయాన్ని చంపడం లోకంలో ఎక్కడా జరిగి ఉండదు.

మైన్‌క్రాఫ్ట్ విభాగాన్ని ముందు విచారిద్దాం. ఘనాకారపు దిమ్మెలు పేర్చి అన్నీ కట్టుకునే లోకం ఇది. ఇక్కడ పనిచేసేవాళ్లు స్వభావరీత్యా సర్వేయర్లు. ఆటలో కెమెరా పక్కన కనిపించే చిన్న గీతల మ్యాపు తీసుకుంటారు, కెమెరా బొమ్మల్లో నేల మీద నలుపు తెలుపు గళ్లు లెక్కపెడతారు, ఒక గడి ఒక ఘనమని తీర్మానిస్తారు. చిక్కేమిటంటే ఆ మ్యాపుకూ ఈ బొమ్మలకూ ఎక్కడా పొంతన కుదరదు. కుదరాల్సిన అవసరం కాథన్‌కు లేదు. అతను కట్టింది ఇల్లు కాదుగా. ఇల్లు కట్టి చూడు అన్న పెద్దలు లేని ఇంటికి కొలతలు తీసి చూడు అనలేదు, వాళ్లకు ఈ పరిస్థితి వస్తుందని తెలియక. పడమటి హాలు మరో రెండు గళ్లు పొడుగుండాలని ఒకరు, అసలు ఆఫీసే తప్పు దిక్కున ఉందని ఇంకొకరు. ఈ తగువులు భూతగాదాల స్థాయిలో నడుస్తాయి. అక్కడ ఎలుగుబంటి వచ్చి చంపుతుందన్న సంగతి ఎవరికీ గుర్తుండదు. గుర్తున్నా, ముందు ఆ హాలు పొడుగు తేలితే కదా ఆయన నడిచేది.

ఘనాలతోనే అన్నీ చెయ్యాలి గనక ఫ్రెడ్డీ కూడా నలుచదరంగా తయారవుతాడు. సరే, నలుచదరపు మృత్యువు కూడా మృత్యువే అని సర్దుకుపోవచ్చు. అసలు ప్రమాదం మంచంతో వస్తుంది. మైన్‌క్రాఫ్టులో మంచమెక్కి పడుకుంటే తెల్లవారిపోతుంది. అయిదు రాత్రులు గడపడం ఎలా అన్నదే సమస్యగా ఉన్న ఆటను, ఒక మంచం ఉంటే చాలు తెల్లారిపోయే లోకంలోకి తీసుకొచ్చి కట్టారన్నమాట. అయితే దానికీ ఒక నిబంధన ఉంది: దగ్గర్లో రాక్షసులుంటే నిద్రపోనివ్వదు, హెచ్చరిక చూపిస్తుంది. హమ్మయ్య, ఫ్రెడ్డీ ఉన్నాడుగా అనుకుంటాం. చాలామంది ఫ్రెడ్డీని చేసేది కవచాలు తగిలించే కొయ్య స్టాండుకు తల పెట్టి. గేము దృష్టిలో అది సామాను. మీరు ఫ్రెడ్డీ కాళ్ల దగ్గరే మంచం వేసుకుని హాయిగా గుర్రు పెట్టొచ్చు. అంటే ఫ్రెడ్డీ రాక్షసుడు కాడని గేమే ధ్రువీకరణ పత్రం ఇచ్చేసింది. ఏళ్ల తరబడి సంపాదించుకున్న పేరు ఒక్క మంచంతో పోయింది.

ఈ అవమానం భరించలేక కొందరు జాంబీకి ఫ్రెడ్డీ తొడుగు బొమ్మ అతికించారు. జాంబీ అయితే కదులుతుంది, వెంటపడుతుంది, మంచం కూడా ఎక్కనివ్వదు. అంతా బాగానే ఉంది. కాని ఆ లోకపు ధర్మం ప్రకారం జాంబీ పొద్దున్నే ఆరుబయట కనిపిస్తే ఎండకు తగలబడుతుంది. ఎవరో తలుపు తీసి పెడితే ఆరు గంటలకు ఫ్రెడ్డీ పార్కింగు స్థలంలో మంటల్లో పరుగులు తీస్తాడు. డిఫికల్టీని 'పీస్‌ఫుల్'కు మారిస్తే, అదీ లేదు, గాల్లో కలిసిపోతాడు. ఇక జంప్‌స్కేర్, అంటే ఉన్నట్టుండి మొహం మీదికొచ్చి దడిపించే దృశ్యం, సంగతి. మైన్‌క్రాఫ్టులో చెక్కిన గుమ్మడికాయ తలకు పెట్టుకుంటే కళ్లముందు ఆ కాయ కన్నాలే కనిపిస్తాయి. ఆ తెర బొమ్మను తీసేసి ఫ్రెడ్డీ నోరు పెట్టారు. ఆటగాడి తలకు ఉన్నట్టుండి గుమ్మడికాయ తొడిగితే తెర నిండా ఎలుగుబంటి. ఇది మాత్రం నిజంగా తెలివైన పని, ఒప్పుకోక తప్పదు. ఇంత బుర్ర ఉన్నవాళ్లు వంటింట్లో లైటు ఎందుకు వేశారన్నదే అర్థం కాదు.

గ్యారీస్ మోడ్‌కు వద్దాం. 'హాఫ్‌లైఫ్ 2' అనే గేముకు గ్యారీ న్యూమన్ 2004లో చేసిన మోడ్, అంటే ఉన్న గేమును మార్చి చేసిన రూపం, ఇది; 2006 నుంచి విడి గేముగా అమ్ముతున్నారు. ఇక్కడ ఘనాల బెడద లేదు. ఫ్రెడ్డీ అచ్చం ఫ్రెడ్డీలాగే ఉంటాడు. బొచ్చు, టోపీ, బో టై, చేతిలో మైకు. చూడగానే గుండె ఒక్కసారి జారుతుంది. జారిన గుండె మళ్లీ పైకి రావడానికి రెండు సెకన్లు పడుతుంది, ఎందుకంటే ఆయన నిలబడలేడు. రాగ్‌డాల్, అంటే కీళ్లు వదులైన గుడ్డబొమ్మ లాంటివాడు, గనక తెచ్చి పెట్టగానే కుప్పకూలుతాడు. నేల మీద మొహం బోర్లా పడి, ఒక కాలు బల్ల కిందికీ ఇంకో కాలు గోడలోకీ పోయి ఉన్న యమధర్మరాజును చూసి ఏం భయపడతాం, చెయ్యి అందించి లేపాలనిపిస్తుంది.

లేపడానికి అక్కడ ఫిజిక్స్ గన్ ఉంది. నీలిరంగు కిరణంతో ఎలుగుబంటిని ఏ కాలో పట్టుకుని గాల్లోకి ఎత్తొచ్చు, తిప్పొచ్చు, కావలసిన భంగిమలో బిగించి వదిలెయ్యొచ్చు. వెన్నుకు బెలూన్లు కడితే పైకి తేలిపోతాడు. కాళ్లకు చక్రాలు, వీపుకు ముందుకు తోసే థ్రస్టర్ తగిలిస్తే హాల్లో ఈ చివర్నుంచి ఆ చివరికి దూసుకుపోతాడు. పిల్లల పార్టీ రెస్టారెంటులో పనిచేసే వ్యక్తికి బెలూన్లు కట్టడం వృత్తిధర్మంలో భాగమేనని కొందరు వాదిస్తారు. ఆయన అనుమతి తీసుకున్నారా అన్నది ప్రశ్న.

అందరూ రాగ్‌డాల్‌తో సరిపెట్టుకోరు. ఆయన చేత నిజంగానే వెంటాడించాలని నెక్స్ట్‌బాట్‌గా, అంటే తనంతట తాను తిరిగే పాత్రగా, మారుస్తారు. ఇప్పుడు ఫ్రెడ్డీకి కాళ్లొచ్చాయి, కసి వచ్చింది. రానిది దారి. ఎక్కడ నడవొచ్చో చెప్పే నావ్‌మెష్ అనే దారుల పటం ఆ మ్యాపుకు తయారుచెయ్యకపోతే నెక్స్ట్‌బాట్ ఉన్నచోటి నుంచి కదల్లేదు. లైట్లన్నీ తీసి, ఆఫీసులో కూర్చుని, చెమటలు పట్టి ఎదురుచూస్తుంటారు. ఒంటిగంట అవుతుంది. రెండవుతుంది. చివరికి ధైర్యం చేసి వేదిక దగ్గరికి వెళ్లి చూస్తే ఫ్రెడ్డీ గోడ వైపు తిరిగి నిలబడి ఉంటాడు. చంపాలని ఉంది, అడ్రసు తెలియదు. కొత్త ఊళ్లో బస్సు దిగిన పెద్దమనిషిలా అలా నిలబడి ఉన్న ఎలుగుబంటిని చూస్తే ఎంత కఠినాత్ముడికైనా మనసు కరుగుతుంది.

దారి దొరికినా ఫలితం లేదు. మీరు 'వి' మీట నొక్కితే నాక్లిప్: గోడల్లోంచి, కప్పులోంచి, ఫ్రెడ్డీ పొట్టలోంచి కూడా ఎగురుకుంటూ పోవచ్చు. అసలు గేములో తలుపు మూసుకుందామా, కరెంటు మిగుల్చుకుందామా అని నలిగిపోయిన మనిషి ఇక్కడ తలుపే అక్కర్లేని ఆత్మస్థితికి చేరుకున్నాడు. ఇప్పుడు ఆ భవనంలో దయ్యం ఎవరో మీరే చెప్పండి. ఇంకో మాట, కావలసిన ఫైళ్లు మీ దగ్గర లేకపోతే ఫ్రెడ్డీకి బదులు ఎర్రటి పెద్ద అక్షరాలతో 'ఎర్రర్' అని గాల్లో తిరుగుతుంటుంది, గోడలు ఊదా నలుపు గళ్లతో మెరుస్తుంటాయి. నా మటుకు నాకు అదే భయమేస్తుంది. ఏం చూస్తున్నామో తెలియకుండా, అది మాత్రం మన వైపే వస్తుండడం. కాథన్ కోరుకున్నది కూడా దాదాపు అదే కదా.

కుర్చీ విషయం మరిచాను. ఈ మూడు లోకాల్లోనూ వాచ్‌మన్ కుర్చీలోంచి లేవగలడు. లేచి హాలు దాటి, ముందు తలుపు తీసుకుని ఇంటికి వెళ్లిపోగలడు. ఈ సంగతి కట్టినవాళ్లకు కట్టాకే తెలుస్తుంది. బయట ఏమీ లేదు, పచ్చటి మైదానమో, ఆకాశం అంచో. బాగుండదని పార్కింగు కట్టారు. పార్కింగు అన్నాక రోడ్డు ఉండాలి. రోడ్డు అన్నాక వీధి దీపాలుండాలి. వాచ్‌మన్‌కు ఒక ఇల్లు, ఆ ఇంట్లో పడగ్గది, పడగ్గదిలో అలారం గడియారం. భయంతో మొదలైన పని మునిసిపాలిటీ అయి కూర్చుంది.

ఇప్పుడు రోబ్లాక్స్. ఇక్కడి నేరం వేరే తరహాది. దీన్ని అర్థం చేసుకోవాలంటే అసలు గేములో ఫ్రెడ్డీ మనల్ని ఎందుకు చంపుతాడో తెలియాలి. మొదటి రాత్రి ఫోన్లో ఒక పాత ఉద్యోగి వివరిస్తాడు: ఈ యంత్రాలు రాత్రిపూట మిమ్మల్ని మనిషిగా గుర్తించకపోవచ్చు, తొడుగు లేని లోహపు అస్థిపంజరం అనుకుంటాయి, తొడుగు లేకుండా తిరగడం ఇక్కడ నిబంధనలకు విరుద్ధం, కాబట్టి మిమ్మల్ని ఓ ఫ్రెడ్డీ తొడుగులో కుక్కేస్తాయి, లోపలంతా ఇనుప చువ్వలూ పరికరాలూ ఉంటాయి గనక ఆ పని ప్రాణాంతకం. అంటే, బాబూ, ఫ్రెడ్డీకి మన మీద ఏ పగా లేదు. యూనిఫాం లేకుండా డ్యూటీకొచ్చిన ఉద్యోగికి యూనిఫాం తొడుగుతున్నాడు. ఆ సంస్థ మొత్తంలో నిబంధనలు చదివిన ఒకే ఒక్క వ్యక్తి ఆయన.

ఆ తొడుగులో కూరబడడమే ఈ ఆటలో చావు. ఈ చావును తప్పించుకోడానికే తలుపులు, కెమెరాలు, కరెంటు పొదుపు. రోబ్లాక్సులో ఏం జరుగుతోంది? జనం తమంతట తాము వచ్చి ఆ తొడుగులో దూరుతున్నారు. 'మార్ఫ్' అని ఒక బల్ల ఉంటుంది, దాని మీద కాలు పెట్టగానే మీరు ఫ్రెడ్డీ. కొన్ని తొడుగులు ఉచితం. మంచివి కావాలంటే అక్కడి డబ్బయిన రోబక్సులు పోసి గేమ్‌పాస్ కొనాలి. ఏ చావైతే రాకూడదని అయిదు రాత్రులు వణికామో, దానికి ఎదురు డబ్బిచ్చి వరస కడుతున్నారు. ఫ్రెడ్డీకి ఇక ఉద్యోగం ఏం మిగిలింది?

పైగా అందరూ ఎలుగుబంట్లే. సర్వరు నిండా ఫ్రెడ్డీలు, బానీలు, రంగురంగుల ఫాక్సీలు, ఎక్కడా వినని పేర్లతో తాము సొంతంగా కల్పించుకున్న కోతులూ తోడేళ్లూ. వాచ్‌మన్‌గా ఉండడానికి ఒక్కడు దొరకడు. ఆఫీసు గది ఖాళీ. కుర్చీ ఖాళీ. చంపేవాళ్లంతా చంపడానికి మనిషి లేక హాల్లో గుంపుగా నిలబడి నాట్యం చేస్తుంటారు. ఎవడైనా కొత్తవాడు తెలియక వాచ్‌మన్ వేషంలో వస్తే ఫ్రెడ్డీ ఒకాయన వాడిని కుటుంబంలో చేర్చుకుంటానంటాడు. చీకా ఒకామె అక్కగా ఉంటానంటుంది. రెండు నిమిషాల్లో వాడికి అమ్మా నాన్నా, ఇద్దరు అన్నలూ, పడుకోడానికి గదీ ఏర్పడతాయి. హారర్ గేములో వాచ్‌మన్ అనాథ కాకపోతే ఇంక హారర్ ఎక్కడిది. 2022 దాకా అయితే ఎవరైనా పొరపాటున చచ్చినా 'ఊఫ్' అని ముద్దుగా అనేవాళ్లు. ఆ శబ్దం కూడా ఆ ఏడాది జులైలో తీసేశారు.

గోల్డెన్ ఫ్రెడ్డీకి పట్టిన గతి మరీ దారుణం. అసలు గేములో ఆయన దర్శనం మహా అరుదు. గోడ మీద పోస్టరు మారుతుంది, మీరు కెమెరా దించగానే ఎదురుగా కూలబడిన పసుపురంగు తొడుగు. వెంటనే కెమెరా ఎత్తకపోతే ఆయన మొహం తెర నిండా వస్తుంది, ఆ మీదట గేమే మూసుకుపోతుంది. వాచ్‌మన్‌ను కాదు, ప్రోగ్రామునే చంపేసే ఘనుడు. అంతటివాడు ఇప్పుడు ఒక్కో సర్వరులో అయిదారుగురు కనిపిస్తారు, గెంతుతూ. గేము తనంతట తాను మూసుకుపోవడం మాత్రం ఇక్కడా ఉంది. దానికి గోల్డెన్ ఫ్రెడ్డీ అవసరం లేదు, ఆయన్ని తయారుచేసినవాడు రాసిన కోడులో తప్పు చాలు.

ఇంత చేసినవాళ్లు అసలును గౌరవించలేదనుకుంటే పొరపాటు. అదే చిత్రం. ఆఫీసు గోడ మీద ఒక పోస్టరు ఉంటుంది, అందులో ఫ్రెడ్డీ ముక్కు మీద క్లిక్ చేస్తే 'పీక్' మంటుంది. మూడు లోకాల్లోనూ ఆ ముక్కు మక్కీకి మక్కీ దించారు. బల్ల మీద ఫ్యాను దించారు. కరెంటు శాతం లెక్కపెడుతూ ప్రాణాలు ఉగ్గబట్టుకున్న గదిలో ఆ ఫ్యాను మాత్రం ఆపకుండా తిరుగుతూనే ఉంటుంది, దాన్ని ఎవడూ ఆపలేడు. కావాలంటే ఆపే మీట పెట్టుకునే స్వేచ్ఛ ఉన్న చోట కూడా పెట్టలేదు. ఎందుకంటే అసలులో లేదు. కరెంటు పోతే తలుపులు వాటంతటవే తెరుచుకునే వెర్రి డిజైనునూ దిద్దలేదు. కట్టిన భవనంలో ఫ్యాను ఉంది, ముక్కు ఉంది, ముక్కు చప్పుడు ఉంది. భయం ఒక్కటే ఎక్కడో జారిపడిపోయింది. దాన్ని వెతకడానికి లైటు వేశారేమో పాపం.

యజమాని కాథన్ ఊరుకున్నాడా అంటే, ఊరుకోవడమే కాదు, 2020లో 'ఫాజ్‌బేర్ ఫ్యాన్‌వర్స్' పేరుతో కొన్ని అభిమానుల గేములకు తానే డబ్బు పెట్టి బయటికి తెస్తానన్నాడు. జపాన్ గేముల కంపెనీ నింటెండో వాళ్లను చూసి నేర్చుకోవాల్సింది. 2024 ఏప్రిల్‌లో వాళ్లు తాఖీదులు పంపితే గ్యారీస్ మోడ్‌లో ఇరవై ఏళ్లుగా పోగుపడిన నింటెండో సరుకును ఏరి పారెయ్యడం మొదలైంది. కాథన్ మనసు మెత్తన. పైగా అధికారిక గేములే గీత దాటాయి. 2021 డిసెంబరులో వచ్చిన 'సెక్యూరిటీ బ్రీచ్'లో మీరు ఇష్టమొచ్చినట్టు నడవొచ్చు, ఫ్రెడ్డీ మీకు నేస్తం, ప్రమాదమొస్తే ఆయన పొట్ట తెరుచుకుని లోపల దాక్కోవచ్చు. ఇంటి పెద్దే ఇలా చేస్తే ఇక పిల్లలకేం చెప్తాం.

ప్రతివాదుల పక్షం కూడా వినాలి కాబట్టి విన్నాం. వాళ్ల తరఫున చెప్పదగ్గది ఒకటుంది. తలుపు ఎక్కడ పెట్టాడో, బానీని ఎన్నో సెకనులో కదిలేలా రాశాడో తెలిసినవాడు తన భవనంలో తాను భయపడడం అసాధ్యం. అందుకని వాడు స్నేహితుణ్ణి పిలుస్తాడు. ఆ కుర్చీలో కూర్చోబెడతాడు. తను గోడ వెనక, తీగల మధ్య నక్కి, ఊపిరి బిగబట్టి, నవ్వు ఆపుకుంటూ, వాడు కెమెరా దించే క్షణం కోసం కాచుకుని ఉంటాడు. ఒకప్పుడు కుర్చీలో కూర్చుని వణికినవాడే. ఇప్పుడు వంటింట్లో గిన్నె కదుపుతున్నది వాడే. మనిషికి భయం నుంచి ప్రమోషన్ దొరికే తోవ ఇదొక్కటే అయితే, కాదనడానికి మనమెవరం. స్నేహితుడు ఎగిరిపడి అరిచిన అరుపుకు పడ్డ కష్టమంతా గిట్టుబాటవుతుంది. అదీ ఆ 120 డాలర్లు కూడా లేకుండా.

అయినా చట్టం చట్టమే. అసలు గేములో ఏడో రాత్రి ఒక సదుపాయం ఉంది: యంత్రాల స్థాయిలు మీరే సున్నా నుంచి 20 దాకా ఎంతకంటే అంతకు మార్చుకోవచ్చు. మార్చి, నెగ్గి, తెల్లారి ఆరింటికి చెక్కు కోసం చూస్తే చేతికొచ్చేది ఉద్యోగం ఊడిందన్న నోటీసు. అందులో కారణాలు మూడు రాసి ఉంటాయి. మొదటిది యంత్రాలను కెలకడం. రెండోది వృత్తి మర్యాద లేకపోవడం. మూడోది ఒంటి వాసన.

బెలూన్లు కట్టినవాళ్లు, జాంబీకి తొడుగు వేసినవాళ్లు, కుందేలు వేషంలో వాచ్‌మన్‌ను దత్తత తీసుకున్నవాళ్లు, వంటింట్లో ట్యూబులైటు బిగించినవాళ్లు, మీ అందరి మీదా మొదటి ఆరోపణ రుజువైంది. రెండోదానికి సాక్ష్యాలు మీరే వీడియోలు తీసి పెట్టుకున్నారు. మూడోది సర్వరు గుండా ఇవతలికి వచ్చే సౌకర్యం ఇంకా లేనందువల్ల పెండింగులో పెట్టాం. నోటీసులు అందిన వెంటనే కుర్చీ, ఫ్యాను, ముక్కున్న పోస్టరు ఆఫీసులోనే వదిలి వెళ్లగలరు. ఫ్రెడ్డీని మాత్రం గోడ వైపు నుంచి ఇటు తిప్పి, నావ్‌మెష్ ఒకటి వేసి మరీ వెళ్లండి.